ఖాతా తొలగింపు: త్యాగమా, మిథ్యాచారమా?

గత సంవత్సరం కార్తీకమాసంలో ఒక సాయంకాలం, దీపారాధన ముగించుకొని అరుగు మీద కూర్చొని ఉండగా, మా చెల్లెలి కుమారుడు వచ్చి ప్రక్కన కూర్చున్నాడు. హైదరాబాదులో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం చేస్తున్నవాడు, బుద్ధిమంతుడు, మితభాషి. కొంతసేపు దీపాలను చూస్తూ ఊరకుండి, తరువాత ఇలా అడిగాడు. "మావయ్యా, ఆరేళ్ళుగా ఫోనులో ఒక ఆట ఆడుతున్నాను. ఆ ఖాతాను శాశ్వతంగా తీసేద్దామనిపిస్తోంది. మీరేమంటారు?"

ఆటను మానడానికి పెద్దల సలహా అడుగుతున్నాడంటే వ్యవహారం అప్పటికే ముదిరిందని నేను గ్రహించవలసింది. గ్రహించలేదు. ప్రవచనాలు చెప్పే అలవాటున్నవాడికి ప్రశ్న చెవిన పడగానే శ్లోకం స్ఫురిస్తుంది, ఎదుటివాని ముఖం కనబడదు. నాకు గీతలో మూడవ అధ్యాయంలోని ఆరవ శ్లోకం స్ఫురించింది. బాహ్యంగా ఇంద్రియాలు నిగ్రహింపబడి, లోపల విషయచింతన సాగుతూనే ఉంటే దానిని మిథ్యాచారమని చెప్పే శ్లోకమది. దానిని పావుగంట వ్యాఖ్యానించాను. "ఖాతా ఉంటే ఏమిటి, పోతే ఏమిటి నాయనా? మనస్సును మార్చుకో. మనస్సు మారితే ఖాతా దానంతట అదే ఎండిపోతుంది" అన్నాను. అతడు తల ఊపి లోపలికి వెళ్ళిపోయాడు.

నేను చెప్పినది తప్పు. శ్లోకం తప్పు కాదు, దానిని అక్కడ ప్రయోగించడం తప్పు. ఆ తప్పు ఖరీదు ఎంతో మాఘమాసంలో తెలిసింది.

మా బావగారికి గుండెకు శస్త్రచికిత్స జరిగింది. మూడవనాటి రాత్రి తోడుగా కుమారుడే ఉన్నాడు. తెల్లవారుజామున ఆయనకు మెలకువ వచ్చి మంచినీళ్ళు అడిగారు. "ఒక్క నిమిషం నాన్నా" అన్నాడట ఇతడు. ఆ ఒక్క నిమిషం నలభై నిమిషాలైంది. ఆయన మళ్ళీ అడగలేదు. ఆట ముగిసి తల ఎత్తేసరికి తండ్రి కళ్ళు తెరిచి కుమారుని వైపే చూస్తున్నారట. ప్రమాదమేమీ జరగలేదు, ఆయన ఇప్పుడు కుశలంగా ఉన్నారు, ఆ సంగతి ఇంతవరకు ఎవరితోనూ అనలేదు కూడా. కుమారుడే నాకు ఫోను చేసి చెప్పి ఏడ్చాడు. అప్పుడు ఇంకొక మాట కూడా చెప్పాడు. కార్తీకం నుండి మాఘం వరకు ఆ ఆటను ఫోనులో నుండి ఏడుసార్లు తీసివేశాడట. ఏడుసార్లూ తిరిగి ఎక్కించుకున్నాడట.

ఇక్కడ ఒక వ్యావహారిక విషయం తెలియని పెద్దలకోసం చెప్పాలి. ఫోనులో నుండి ఆటను తీసివేయడం వేరు, ఖాతాను తొలగించడం వేరు. మొదటిదానిలో పోయేది ఫోనులోని పనిముట్టు మాత్రమే. ఆటగాని పేరు, అంతస్తు, కొనుక్కున్న వేషాలు, ఆయుధాలు, మిత్రుల జాబితా అన్నీ ఆ సంస్థవారి సర్వరులో భద్రంగా ఉంటాయి. మళ్ళీ దించుకొని ఒక ఓటీపీ కొడితే చాలు, విడిచిన చోటనే అన్నీ ఎదురవుతాయి. ఇల్లు ఖాళీ చేశానంటూ తాళంచెవిని మొలలో దోపుకొని తిరగడం వంటిది. మన పెద్దలు పురాణవైరాగ్యం, ప్రసూతివైరాగ్యం, శ్మశానవైరాగ్యం అని మూడు చెప్పారు. మూడింటికీ ఆయువు తక్కువ. తాళంచెవి చేతిలో ఉన్న వైరాగ్యాలవి.

ఋగ్వేదం పదవ మండలంలోని ముప్పది నాలుగవ సూక్తాన్ని అక్షసూక్తమంటారు. జూదరి స్వయంగా తన గోడు చెప్పుకొనే సూక్తమది. ఇల్లాలు విముఖురాలైంది, తల్లి దుఃఖిస్తున్నది, అప్పులవాళ్ళ భయంతో రాత్రులు పరుల ఇండ్లకు పోతున్నాడు. ఇక ఆడరాదని నిశ్చయించుకుంటాడు. పాచికల చప్పుడు వినబడగానే కాళ్ళు అటే నడుస్తాయి. సహస్రాబ్దాల నాటి ఆ ద్రష్ట వర్ణించినదానికి, మా మేనల్లుడు ఫోనులో చెప్పినదానికి నాకు భేదం కనబడలేదు. నిశ్చయం లోపించలేదు. నిశ్చయానికీ పాచికలకూ మధ్య దూరం లోపించింది.

ఇప్పుడు శాస్త్రానికి వద్దాం. మిథ్యాచార శ్లోకాన్ని చెప్పిన భగవానుడే అదే అధ్యాయం చివర, నలభై ఒకటవ శ్లోకంలో, కామమనే శత్రువును జయించే క్రమాన్ని అర్జునునికి ఉపదేశించాడు. ఆ క్రమంలో మొట్టమొదట నియమించవలసినవి ఇంద్రియాలే. ఆ తరువాతనే మనస్సు, బుద్ధి, వాటికి పరమైన తత్త్వం యొక్క ప్రస్తావన. శత్రువు మూడు స్థానాలలో కూర్చున్నాడని చెప్పి, మొదటి దాడి బాహ్యస్థానం మీద చేయమంటున్నాడు. రెండవ అధ్యాయంలో అయితే, ప్రయత్నశీలుడైన వివేకి మనస్సును సైతం ఇంద్రియాలు బలాత్కారంగా లాగుకొనిపోగలవని హెచ్చరించాడు. అటువంటప్పుడు, రాత్రి రెండు గంటలకు అలసిన ఇరవై తొమ్మిదేళ్ళ యువకునితో "మనస్సును మార్చుకో, ద్వారం తెరిచే ఉంచు" అనడం ఏమి ఉపదేశం? ఆరవ శ్లోకం బాహ్యనిగ్రహంతో ఆగిపోయేవానిని మందలిస్తుంది. బాహ్యనిగ్రహాన్ని ఆరంభించేవానిని అది అడ్డగించదు. నేను దానితో అడ్డగించాను.

మరికొందరు పద్దెనిమిదవ అధ్యాయాన్ని తెస్తారు. కాయక్లేశభయంతో విడిచేది రాజసత్యాగం, దానికి ఫలం లేదు కదా అంటారు. అక్కడ ప్రసక్తమైనది నియతకర్మ. రాత్రి జాగారం చేసి ఆడే తుపాకుల ఆట ఎవరికి నియతకర్మ? కామ్యనిషిద్ధవర్జనం అధికారి సంపత్తిలో మొదటి మెట్టని సదానందుల వేదాంతసారం చెబుతున్నది. దానిని భయంతో విడిచినా, సిగ్గుతో విడిచినా, తండ్రి చూపు తట్టుకోలేక విడిచినా విడిచినట్టే.

ఇంకొక సంగతి నన్ను ఎక్కువగా ఆలోచింపజేసింది. మనస్సే బంధమోక్షాలకు కారణమని లోకానికి చాటిన సంప్రదాయమే సన్న్యాసాన్ని తిరుగులేనిదిగా ఎందుకు విధించింది? మనస్సు మారితే చాలుననుకుంటే శిఖాయజ్ఞోపవీత విసర్జనమెందుకు, తనకు తానే శ్రాద్ధం పెట్టుకోవడమెందుకు, విరజాహోమమెందుకు? ఆశ్రమం స్వీకరించి తిరిగి గృహంలో ప్రవేశించినవానిని వాంతాశి అని, క్రక్కిన కూటిని తినేవాడని, అంత పరుషంగా ఎందుకు నిందించింది? మనస్సును బాగా ఎరిగిన సంప్రదాయం కనుకనే దాని మాటకు పూచీకత్తు అడిగింది. ఆట ఖాతాను సన్న్యాసంతో పోల్చడం అతిశయోక్తి అని పెద్దలు కోప్పడవచ్చు. పోలిక వస్తువులకు కాదు, విధానానికి మాత్రమే.

బలవంతంగా ఊడబెరికినది త్యాగం కాదనడానికి మన కాలంలోనే దృష్టాంతముంది. 2020 సెప్టెంబరు 2న కేంద్రప్రభుత్వం పబ్‌జీ మొబైల్‌ను నిషేధించింది. మన తెలుగునాట ఎందరు తల్లిదండ్రులు ఆనాడు ఊపిరి పీల్చుకున్నారో నేను ఎరుగుదును. 2021 జూలై 2న అదే ఆట వేరొక పేరుతో, బీజీఎంఐగా, మళ్ళీ వచ్చింది. పాత ఖాతాలలోని వేషాలు, అంతస్తులు కొత్తదానిలోకి మార్చుకొనే వెసులుబాటు కూడా ఇచ్చారు. పది నెలల ఉపవాసం చేసినవారు విస్తరి వేయగానే వచ్చి కూర్చున్నారు. ఆహారం లేనివానికి విషయాలు తొలగినా రసం తొలగదని గీత చెప్పినది ఇదే కదా. ధనం పణంగా ఒడ్డే ఆన్‌లైన్ ఆటలను తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో నిషేధించాయి. 2025 ఆగస్టులో పార్లమెంటు చట్టం చేసి దేశమంతటా నిషేధించింది. మంచిదే, చేయవలసినదే. అయితే ప్రభుత్వం మూసినదానికీ, తాను మూసినదానికీ అంతఃకరణంలో పడే సంస్కారం ఒకటి కాదు.

మా వాడు మహాశివరాత్రినాడు ఆ పనికి పూనుకున్నాడు. ఈసారి నేను శ్లోకం చెప్పలేదు. ప్రక్కన కూర్చున్నాను, అంతే. తొలగించమని కోరిన తరువాత తెర మీద వచ్చిన హెచ్చరికలను వరుసగా చదివి వినిపించాడు. ఇవి పోతాయి, అవి పోతాయి, తిరిగి రావు, చెల్లించిన డబ్బు తిరిగి ఇవ్వబడదు, నిశ్చయమేనా? మళ్ళీ నిశ్చయమేనా? ఆరేళ్ళలో వేషాలకూ ఆయుధాలకూ నలభై వేల పైచిలుకు ఖర్చు చేశాడట. అది వాని తల్లికి తెలియదు, ఇది చదివితే తెలుస్తుంది.

ఆ "పోతాయి" అన్న మాటలో కూడా విచారించదగినది ఉంది. కంప్యూటరు ఆటలకు స్టీమ్ అని ఒక పెద్ద వేదిక ఉంది, వాల్వ్ సంస్థవారు 2003లో ఆరంభించినది. అక్కడ కొన్న ఆట మనకు అమ్మబడదు, ఆడుకొనే అనుమతి మాత్రమే లభిస్తుంది. ఆ మాటను డబ్బు చెల్లించే చోటనే స్పష్టంగా చూపడం 2024లో మొదలుపెట్టారు. కాలిఫోర్నియా రాష్ట్రం ఆ విషయమై చేసిన చట్టం దానికి నేపథ్యం. అంటే ఇన్నాళ్ళూ "నావి" అనుకున్నవి ఏనాడూ అతనివి కావు. ఈశావాస్యం మొదటి మంత్రం మీద ఎన్నో ఉపన్యాసాలు ఇచ్చాను. ధనం ఎవరిదన్న ఆ ప్రశ్నకు ఒక అంగడివారి ఒప్పందపత్రం ఇంత సూటిగా వ్యాఖ్యానం చేస్తుందని ఊహించలేదు.

చాలా వేదికలలో తొలగింపు తక్షణం జరగదు. స్టీమ్‌లో ముప్పై రోజుల గడువు ఉంటుంది, ఆలోగా మనసు మార్చుకుంటే ఖాతా తిరిగి వస్తుంది. మా వానికీ ముప్పై రోజులే ఇచ్చారు. కొన్నిచోట్ల గడువులోగా ఒక్కసారి లోనికి ప్రవేశిస్తే చాలు, కోరిక రద్దవుతుంది. ఇది వాడుకరుల క్షేమం కోసమే పెట్టిన ఏర్పాటని ఒప్పుకుంటాను. పొరపాటున నొక్కినవారు, ఖాతా దొంగిలింపబడినవారు దానివల్ల బయటపడతారు. అయినా సాధకునికి పరీక్ష జరిగేది ఆ ముప్పై రోజులలోనే. తొలగించే మీట నొక్కడానికి అర నిమిషం చాలును.

సభాపర్వంలో అందరికీ గుర్తుండేది మొదటి జూదం. నాకు అంతకంటె భయంకరంగా తోచేది అనుద్యూతం. పోయినదంతా ధృతరాష్ట్రుడు తిరిగి ఇచ్చివేశాడు. రాజ్యం వచ్చింది, రథాలు కదిలాయి, పాండవులు ఇంద్రప్రస్థం దారిలో ఉన్నారు. అప్పుడు ప్రాతికామి వెనుకనుండి వచ్చి, మరొక్కమారు ఆడడానికి రమ్మని పెద్దరాజు ఆజ్ఞ అన్నాడు. ధర్మరాజుకు అది కులక్షయహేతువని తెలుసు. తెలిసీ వెనుదిరిగాడు. పన్నెండేళ్ళ వనవాసం, ఒక ఏడాది అజ్ఞాతవాసం ఆ మలుపులో ఉన్నాయి. రాజ్యం పోగొట్టినది మొదటి జూదం కాదు, దారిలో వినబడిన పిలుపు.

మా వానికి ప్రాతికామి పందొమ్మిదవనాటి రాత్రి వచ్చాడు, వాట్సాప్ మార్గంలో. నలుగురు కలసి ఆడే జట్టులో ఒకడు, ఏనాడూ ముఖం చూడని మిత్రుడు. "పోటీ ఉంది, ఒకడు తక్కువయ్యాడు, ఒక్క రాత్రికి రద్దు చేసుకొని రా, రేపు మళ్ళీ తొలగించుకో" అని సందేశం. నా మేనల్లుడు రాత్రి ఒంటిగంటకు నాకు ఫోను చేశాడు. "మావయ్యా, ఏదైనా మాట్లాడండి" అన్నాడు. ఏమి మాట్లాడానో నాకు సరిగా జ్ఞాపకం లేదు. మా ఊరి గోదావరి రేవులో చిన్నప్పుడు నేను మునగబోయిన కథ చెప్పినట్టున్నాను. రెండింటికి వానికి నిద్ర వచ్చింది.

ఆ మిత్రుని నేను తప్పుపట్టను. తప్పు కొంత మా వాడిదే. ఆరేళ్ళు జట్టుగా ఉన్నవారితో ఒక్క మాటైనా చెప్పకుండా మాయమయ్యాడు. విడిచిపెట్టేవాడు తనను నమ్ముకున్నవారికి చెప్పి, వీడ్కోలు తీసుకొని విడవాలి. మరునాడు నలుగురికీ విడివిడిగా వ్రాశాడు. అందులో ఇద్దరు ఇప్పటికీ పండుగలకు పలకరిస్తారట.

వేషాలకు అతడు పెద్దగా బాధపడలేదు. బాధపడినది పేరుకు. ఆటలో తాను పెట్టుకున్న పేరు ఒకటుంది, దానిని ఇక్కడ వ్రాయను. "ఆ పేరు ఇక ఎక్కడా ఉండదు మావయ్యా. నేనే పోయినట్టుంది" అన్నాడు. నవ్వవలసిన మాట కాదిది. అధ్యాసభాష్యంలో ఆచార్యులు, పుత్రభార్యాదుల లోపాన్నీ నిండుదనాన్నీ తన మీద ఆరోపించుకొనే మనిషిని చూపించారు. దేహానికి వెలుపలివాటిలోనే అంత బలంగా "నేను" వ్యాపిస్తుంటే, ఆరేళ్ళు తన వ్రేళ్ళతో నడిపించి, తన గొంతుతో మాట్లాడించిన బొమ్మలో వ్యాపించకుండా ఉంటుందా? ఆ మాటకు నేను ఇచ్చిన సమాధానం ఒక్కటే. "పోయినట్టుంది అని చూస్తున్నవాడు ఎవడో వానిని కొంచెం పట్టుకో." వానికి అది ఎంతవరకు అందినదో చెప్పలేను.

ఖాతా పోయినంతమాత్రాన రసం పోదు. కొత్త ఖాతా తెరవడానికి పది నిమిషాలు చాలు. అయితే పది నిమిషాలకూ ఒక్క ఓటీపీకీ మధ్య ఉన్న ఎడం చిన్నదేమీ కాదు. మళ్ళీ అట్టడుగు అంతస్తు నుండి మొదలుపెట్టాలన్న ఆలోచనే ఎందరినో ఆపుతుంది. ఆ ఎడంలో దోషదర్శనానికి అవకాశం దొరుకుతుంది. నలుని కథలో కలి అతనిని విడిచినది ఎప్పుడు? ఋతుపర్ణుని నుండి అక్షహృదయం తెలుసుకున్నప్పుడు. పాచికల లోగుట్టు తెలిసినవానిలో కలి నిలువలేకపోయాడు. ఈనాటి అక్షహృదయం దుర్లభమేమీ కాదు. ప్రతిదినం రాకపోతే తెగిపోయే బహుమతుల వరుస, ఏది వస్తుందో తెలియని పెట్టెలు, ఓడినప్పుడల్లా ఇంకొక్కసారి అనిపించే అమరిక, ఇవన్నీ ఎవరో కూర్చొని లెక్కకట్టి అల్లినవి. ఎప్పుడు దక్కుతుందో తెలియని బహుమతికోసమే ప్రాణి మానకుండా మీట నొక్కుతుందని స్కిన్నర్ అనే అమెరికన్ మనస్తత్త్వవేత్త పావురాల మీద, ఎలుకల మీద ప్రయోగాలు చేసి చూపించాడు. మా వాడు స్వయంగా సాఫ్ట్‌వేర్ వ్రాసేవాడు కనుక నాకంటె బాగా తెలుసుకున్నాడు. "ఆ పావురం నేనేనా?" అని ఒకనాడు గట్టిగా నవ్వాడు. చాలాకాలానికి విన్న నవ్వు అది.

ఇందులో వైద్యుని పని ఎక్కడ మొదలవుతుందో కూడా చెప్పాలి. ప్రపంచ ఆరోగ్య సంస్థ తన రోగవర్గీకరణలో ఆటల వ్యసనాన్ని రుగ్మతగా చేర్చింది. ఆ వర్గీకరణ 2022 జనవరి నుండి అమలులో ఉంది. అదుపు తప్పడం, మిగిలిన పనులన్నింటికంటె ఆటకే పెద్దపీట, హాని కనబడుతున్నా ఆపలేకపోవడం, ఈ మూడూ ఏడాదిపాటు సాగితే అది ఉపన్యాసాలతో తీరేది కాదు. కేంద్రప్రభుత్వం నడిపే టెలీ మానస్ సేవకు 14416 సంఖ్యకు ఫోను చేస్తే తెలుగులో కూడా మాట్లాడతారు. "జపం పెంచుకో" అని మాత్రమే చెప్పి పంపే పెద్దలు, ఒకనాటి నావలె, తమకు తెలియకుండా అపకారం చేస్తున్నారు.

అందరూ అన్ని ఖాతాలూ తొలగించాలని నా వాదం కాదు. పిల్లలతో కలసి ఆదివారం ఒక గంట ఆడుకొనేవానికి ఈ వ్యాసంతో పని లేదు. మూడుసార్లు మానాలనుకొని మూడుసార్లూ మళ్ళీ మొదలుపెట్టినవాడు మాత్రం నాలుగవసారి మనస్సును నమ్మరాదు, తాళంచెవిని గోదావరిలో వేయాలి.

ఉగాదికి రెండు రోజుల ముందు గడువు తీరింది. తొలగింపు పూర్తయిందని రెండు వాక్యాల ఉత్తరం మెయిల్‌లో వచ్చింది. పండుగకు ఇంటికి వచ్చి నాకు చూపించాడు. ఆ రాత్రి భోజనమయ్యాక అతడు తండ్రికి మందులిచ్చి, అరుగు మీదకు వచ్చి, నా చేతిలోని ఫోను వైపు చూశాడు. సాయంసంధ్య తరువాత ఒక అరగంట నేను అందులో చదరంగం ఆడుతుంటాను. ముక్కూ మొగమూ తెలియనివారితో, పన్నెండేళ్ళుగా.

"మావయ్యా, మరి మీ చదరంగమో?" అన్నాడు.

అది బుద్ధికి పదునుపెట్టే సాత్త్వికమైన ఆట అని చెప్పబోయి ఆగాను. ఒక నెల మాని చూస్తానన్నాను. నాలుగవనాడు సంధ్యావందనంలో అర్ఘ్యం విడుస్తూ, ముందురోజుల్లో ఓడిన ఆటలో గుర్రాన్ని ఎటు నడపవలసినదో ఆలోచిస్తున్న సంగతి గమనించాను. తొమ్మిదవనాడు లేచి ఆటను ఫోనులో నుండి తీసివేశాను. పదమూడవనాడు మళ్ళీ ఎక్కించాను. మా వానికి ఫోను చేసి, ఖాతా తొలగించే మీట ఎక్కడుంటుందో అడిగాను. వాడు నవ్వలేదు. "ముందు మీతో ఆడేవాళ్ళకు చెప్పండి మావయ్యా" అన్నాడు.

ముగ్గురికి చెప్పాను. ఈ వ్యాసం వ్రాస్తున్న నాటికి గడువులో పదకొండవ రోజు.